నలుసు తీసిన పిల్ల

ఆగస్టు వచ్చినా ఉదయగిరి కొండ మీద మబ్బు నిలబడటమే గానీ కిందికి దిగింది లేదు. ఒకటే ఉక్క. పొద్దున ఏడింటికే సుకుమారి జాకెట్టు వీపుకు అతుక్కుపోయింది. ఒక పొయ్యి మీద దోసె, ఇంకో పొయ్యి మీద అత్తకు కాఫీ. మధ్యలో నీళ్ల క్యాను తెచ్చినవాడు గేటు కొడుతున్నాడు. ఆమె మండల పరిషత్ స్కూల్లో టీచరు. భర్త జోయల్ ఆర్టీసీ కండక్టరు, తెల్లవారుజాము సర్వీసుకు ఎప్పుడో వెళ్లిపోయాడు. ఒక్కగానొక్క కూతురు సారా ఆత్మకూరులో ఒక ప్రైవేటు కాలేజీ హాస్టల్లో ఉండి ఇంటర్ రెండో సంవత్సరం చదువుతోంది. ఇంట్లో మిగిలింది అత్తాకోడళ్లు ఇద్దరు. ఇద్దరికీ ఓపిక లేదు. ఒకరికి వయసు వల్ల, ఇంకొకరికి చాకిరీ వల్ల.

"అమ్మే సుకుమారీ, ఇదేందో చూడు. ఆత్మకూరంట," అని వసారాలోంచి పిలిచింది లిదియమ్మ. ఒక కంటికి శుక్లం ఆపరేషన్ అయిన దగ్గర్నుంచి ఆమెకు ఫోనే లోకం.

"నాకిప్పుడు ఆత్మకూరూ వద్దు, నెల్లూరూ వద్దత్తా. ఆటో పోయిందంటే మళ్లీ దొరకదు."

"ఆడపిల్లకాయలు ఒకరి కండ్లు ఒకరు నాకతా ఉండారంట. హాస్టల్లో. మొహాలేందో మసకమసగ్గా ఉండాయి, నాకు ఆనడం లా."

సుకుమారి చేతిలో అట్లకాడ ఆగింది. ఫోన్లోంచి హైదరాబాద్ చానెల్ యాంకరమ్మ గొంతు, వెనకాల దడదడలాడే సంగీతం. "విదేశాల నుంచి దిగుమతైన వెర్రి ఫ్యాషన్! నెల్లూరు జిల్లా ఆత్మకూరులో కళ్లు నాకే పిచ్చి! ఎర్రబడుతున్న విద్యార్థినుల కళ్లు! చూపు పోయే ప్రమాదం ఉందా? తల్లిదండ్రులారా, మీ అమ్మాయి ఏం చేస్తోందో మీకు తెలుసా?"

తడి చేతులు చీరకు తుడుచుకుని ఫోను అందుకుంది. తెర మీద ఇద్దరు ఆడపిల్లలు. ఒకమ్మాయి రెండోదాని తల రెండు చేతుల్లో పట్టుకుని కంటి మీదికి వంగింది. అక్కడొక ఎర్ర గుండ్రం, ఒక బాణం గుర్తు. అదే ముక్క మళ్లీ మళ్లీ తిప్పుతున్నారు. మొహాలు కనపడకుండా చేశారు గానీ బట్టలు కనపడుతున్నాయి. వంగిన పిల్ల ఒంటి మీద ఆవపువ్వు రంగు చుడీదారు, మెడ దగ్గర ఆకుపచ్చ పట్టీ. పోయిన క్రిస్మస్‌కు సుకుమారి తానే బట్ట కొని, టైలరు పక్కన కూర్చుని కుట్టించిన చుడీదారు.

పెనం మీద దోసె మాడి కమురు వాసన వచ్చింది. ఆమెకు మొన్న సారా ఫోన్ చేసింది గుర్తుకొచ్చింది. "అమ్మా, కండ్లు ఎర్రగా ఉండాయి, నీళ్లు కారతా ఉండాయి," అంది పిల్ల. "ఫోన్ చూడటం తగ్గించు," అని పెట్టేసింది తను. పరీక్ష పేపర్లు దిద్దే తొందరలో ఉంది ఆ రోజు.

అంతలో జోయల్ ఫోన్. బస్సు ఎక్కడో ఆగి ఉన్నట్టుంది. అతని గొంతు బాగా తగ్గిపోయి ఉంది. "సుకుమారీ, బస్సులో అందరూ ఒకటే మాట్లాడుకుంటా ఉండారు. మన పిల్ల కాలేజీనంట. నువ్వు ఒకసారి పోయిరా."

చుడీదారు సంగతి భర్తకు చెప్పకుండానే ఫోను పెట్టేసింది.

*

ఆత్మకూరు చేరేసరికి ఎండ నడినెత్తికొచ్చింది. కాలేజీ గేటు దగ్గర తల్లిదండ్రులు గుంపుగా నిలబడి వార్డెన్ మీద కేకలేస్తున్నారు. వార్డెన్ ఏమో నల్లద్దాలు పెట్టుకుని, "అమ్మా, అది కండ్లకలక, ఊరంతా ఉంది, నాకూ వచ్చింది," అని చెప్పిందే చెబుతోంది. వినేవాళ్లు లేరు. "మీ బిడ్డయితే ఇట్టనే అంటావా?" అని ఎవరో అరిచారు.

వరండాలో పెంచలయ్య తన కూతుర్ని రెక్క పట్టుకుని లాక్కొస్తున్నాడు. అతనిది వరికుంటపాడు పక్కన పల్లె, సేద్యం. కూతురు అశ్విత సారాతో ఒకే గదిలో ఉంటుంది. ఇద్దరూ మొదటి ఏడాది నుంచీ జంట. సుకుమారిని ఎప్పుడు చూసినా "బాగుండావా టీచరమ్మా" అని పలకరించే మనిషి, ఈసారి చూసి కూడా చూడనట్టు పోయాడు. అశ్విత ఒక్కసారి తల తిప్పింది. దాని కళ్లు ఎర్రగా ఉబ్బి ఉన్నాయి. ఏడ్చినందుకో, కలక వల్లనో తెలియలేదు. పెంచలయ్య దాని ట్రంకు పెట్టె, పరుపు చుట్ట అన్నీ ఆటోలో వేయించాడు. మళ్లీ పంపే ఉద్దేశం లేదని ఆ పరుపు చుట్ట చూస్తేనే తెలిసిపోయింది.

సారా గదిలో మంచం మీద కూర్చుని ఉంది. తల్లిని చూడగానే లేచింది. మొహంలో ఒక్క క్షణం ప్రాణం వచ్చినట్టయింది.

"అమ్మా..."

"ఆ వీడియోలో ఉండేది నువ్వేనా?"

"నేనే గానీ..."

చెయ్యి ఎప్పుడు లేచిందో సుకుమారికి తెలియలేదు. చప్పుడు వినిపించాకే తెలిసింది. పదిహేనేళ్ల టీచరు ఉద్యోగంలో పరాయి పిల్లల మీద కూడా ఎత్తని చెయ్యి. పక్క మంచాల పిల్లలు గోడలకు అతుక్కుపోయారు. సారా చెంప పట్టుకోలేదు, ఏడవలేదు. ఆ "గానీ" తర్వాత చెప్పాల్సింది మింగేసి, బ్యాగు సర్దుకోవడం మొదలుపెట్టింది.

అక్కడి నుంచి తిన్నగా కళ్ల డాక్టరు దగ్గరికి తీసుకెళ్లింది. క్లినిక్ నిండా ఎర్ర కళ్ల జనం. వంతు వచ్చేసరికి సాయంత్రమైంది. తలుపు తీసే ఉంది, బయట బెంచీ మీద పది మంది ఉన్నారు. సుకుమారి అదేమీ చూసుకోలేదు.

"డాక్టరుగారూ, టీవీలో వచ్చింది చూశారు కదా. ఆ అలవాటు వల్ల దీని చూపేమన్నా పోతుందా?"

బెంచీ మీద మాటలు ఆగిపోయాయి. సారా కళ్లు మూసుకుంది. డాక్టరు లైటు వేసి, రెప్పలు తిప్పి చూశాడు. రోజంతా అదే పని చేసి విసిగిన మనిషి. "కండ్లకలకమ్మా. ఈ సీజన్లో ఇంటికొకరికి ఉంది. చుక్కలు వేసుకుంటే తగ్గుతుంది. టవల్ వేరే పెట్టుకో పాపా. కంట్లో చెయ్యి గానీ నాలుక గానీ పెట్టకూడదు, పెడితే సూక్ష్మక్రిములు లోపలికి పోతాయి. అంతే. టీవీ వాళ్ల సంగతి నన్నడగొద్దు."

"అంతే" అని డాక్టరు అన్న మాట సుకుమారి చెవిన పడలేదు. "నాలుక పెట్టకూడదు" అన్నది మాత్రం పట్టుకుంది. బస్సులో అదే పట్టుకుని కూతుర్ని సాధిస్తూ వచ్చింది. సారా కిటికీ వైపు తిరిగి కూర్చుంది.

*

ఆ వారం ఆ ఇంట్లో గిన్నెల చప్పుడు తప్ప మరో చప్పుడు లేదు. సారా అన్నం తినేది, చుక్కలు వేసుకునేది, పడుకునేది. ఏమడిగినా "ఊఁ" లేదంటే "లేదు". స్కూల్లో తోటి టీచర్లు జాలిగా పలకరించారు. ఆ జాలి వెనకాల ఏదో ఉత్సాహం కూడా ఉన్నట్టు తోచింది సుకుమారికి. జోయల్ డ్యూటీ దిగి వచ్చి, బ్యాగు మేకుకు తగిలించి, "బస్సులో ఎవురు నవ్వినా నా గురించే అనిపిస్తా ఉండాది," అన్నాడొకసారి. కూతుర్ని ఏమీ అనలేదు. అసలేమీ అనకపోవడమే సారాకు ఎక్కువ తగిలింది.

ఆదివారం చర్చిలో పాస్టరమ్మ "దారి తప్పిన యౌవనస్థుల కోసం" ప్రత్యేకంగా ప్రార్థన చేసింది. పేరు చెప్పలేదు. పేరు చెప్పి ఉన్నా అంతమంది వెనక్కి తిరిగి చూసేవాళ్లు కాదేమో.

ఇంటికొచ్చి చెప్పులు విడుస్తుండగానే గేటు ముందు కారు ఆగింది. ప్రెస్ అని అద్దం మీద పెద్ద అక్షరాలు. సుకుమారి తమ్ముడు డేవిడ్‌రాజు. ఆత్మకూరులోనే ఉంటాడు. ఫోటో స్టూడియో దివాలా తీశాక ఒక యూట్యూబ్ చానెల్ పెట్టుకుని, పెద్ద చానెళ్లకు వార్తలు పంపుతూ తిరుగుతున్నాడు. చేతిలో కోవా డబ్బా, మొహం వెలిగిపోతోంది.

"అక్కా, నోరు తీపి చేసుకో. ఇన్నాళ్లకు నా వార్త ఒకటి హైదరాబాద్ చానెలోళ్లు తీసుకున్నారు. నా పేరు వెయ్యలేదనుకో. అయినా ఆఫీసులో అందరికీ తెలుసు ఇది డేవిడ్ ఐటమ్ అని."

"ఏం వార్త?"

"అదే, కండ్లు నాకేది. రాష్ట్రమంతా తిరిగింది కదా, చూడలేదా?"

లోపలి గదిలోంచి సారా వచ్చి గుమ్మంలో నిలబడింది. డేవిడ్‌రాజు దానికి కోవా అందించబోయాడు. పిల్ల ఒంటి మీద ఆ ఆవపువ్వు రంగు చుడీదారే ఉంది. చర్చికని వేసుకుంది, కావాలనే వేసుకుంది. అతను చుడీదారు చూశాడు, పిల్ల మొహం చూశాడు. డబ్బా చేతిలోనే ఉండిపోయింది.

"పాపా... నువ్వా?"

"నేనే మామా."

"దేవుడి సాక్షిగా నాకు తెలీదు. ఏదో గ్రూపులో వచ్చింది ఆ ముక్క. ఎవురో పిల్లకాయలు స్టేటస్ పెట్టినారంట. మీ కాలేజీ అని తెలుసు గానీ నువ్వని అనుకోలా. పక్కకి తిరిగి ఉండావు, జుట్టు అడ్డం పడుండాది, నేను గుర్తు పట్టలా. ఎందుకైనా మంచిదని మొహాలు కూడా కనపడకుండా చేసినాను కదక్కా!"

సుకుమారి పీట మీద కూలబడింది. కేకలేసే శక్తి కూడా లేదు ఆమెకు. వసారాలోంచి లిదియమ్మ గోడ పట్టుకుంటూ వచ్చింది.

"యాది, ఆ మసక లేకుండా ఉండాదా నీ కాడ? పెద్దగా చేసి చూపించరా నాకు."

డేవిడ్‌రాజు అసలు వీడియో తీసి పెట్టాడు. ముసలామె ఫోను ముక్కు దగ్గరికి తెచ్చుకుని చూసింది. కాలేజీ వెనకాల మట్టి మైదానం. గాలికి దుమ్ము లేస్తోంది. అశ్విత కన్ను నలుపుకుంటూ ఎగురుతోంది. సారా దాని చేతులు తీసేసి, తల పట్టుకుని, రెప్ప ఎత్తి, నాలుక కొస ఒక్కసారి తాకించి, పక్కకు తిరిగి ఉమ్మింది. వీడియో తీసే పిల్ల పకపకా నవ్వుతోంది. "ఛీ ఛీ, ఏందే అది!" అని.

"ఇదేందిరా," అంది లిదియమ్మ. "ఇది నలుసు తీస్తా ఉండాది. నేను తీసేదే. ఎన్ని వందలమందికి తీసినానో. నా మనవరాలు నన్ను చూసి నేర్చుకుంది. దీనికి ఫ్యాషనని పేరు పెట్టినావా నువ్వు?"

ముసలామెకు కోపం ఆగలేదు.

"కళ్లంలో నూర్పిళ్లప్పుడు కంట్లో పొట్టు పడితే, పెద్దిండ్లోళ్లు కూడా 'లిదియమ్మను పిలవండి' అనేవోళ్లు. దాహమైతే మాకు దోసిట్లో నీళ్లు పోసేవోళ్లు, చెంబు ఇచ్చేవోళ్లు కాదు. కానీ నా నాలిక వాళ్ల కంట్లో పెడితే మాత్రం ఎంగిలి అని ఎవురూ అనలా. ఇప్పుడు డాక్టర్లు వద్దంటే మానేస్తాం. మాకు తెలిసింది అదే అప్పట్లో. దానికి పసిపిల్లను బజారుకు లాగుతావంట్రా?"

సుకుమారి తమ్ముడి వైపు తిరిగింది. "కండ్లు పోయినోళ్లు ఎవుర్రా? ఒక్క పేరు చెప్పు."

"ఎవురూ లేరక్కా. 'పోయే ప్రమాదం' అన్నాను గానీ పోయినాయని నేను అనలా."

"ఫ్యాషనని ఎవురు చెప్పినారు?"

"ఎప్పుడో ఏదో దేశంలో పిల్లకాయలు అట్టనే కండ్లు నాకతా ఉండారని వార్త వచ్చింది. నెట్‌లో ఉండాది. హాస్టల్లో కలక, ఈ వీడియో, ఆ వార్త... మూడూ కలిపినాను."

"ఆ దేశం వార్తన్నా నిజమేనా?"

డేవిడ్‌రాజు తల దించుకున్నాడు. "కాదంట. అది కూడా ఎవురో పుట్టించిందేనంట. కింద రాసుండాది. నేను పైనే చదివినా, కిందదాకా పోలేదు."

"కిందదాకా పోలేదు," అని ఆ మాటే మళ్లీ అంది సుకుమారి.

అప్పుడు నోరు విప్పింది సారా. గొంతు పెద్దది చేయలేదు. "మామను అంటావెందుకమ్మా? ఆయన ఎవురో పిల్లనుకున్నాడు. నీకు నేనని తెలుసు. తెలిసి కూడా నువ్వు టీవీని నమ్మినావు. 'నేనే గానీ' అన్నా. ఆ తర్వాత ఏముందో నువ్వు వినలా. డాక్టరు రూములో తలుపు తీసుండాదమ్మా. అందరూ ఇన్నారు. ఆ అలవాటు అన్నావు నువ్వు. నాకు అలవాటని."

సుకుమారికి కళ్ల ముందు ఆ బెంచీ కనపడింది. ఆ పది మంది, ఆ తెరిచిన తలుపు. వారం రోజుల తర్వాత ఇప్పుడు కనపడింది.

"నా సంగతి వదిలెయ్యి," అంది సారా. "అశ్విత చదువు మానిపించేసినారు. ఫోన్ లాగేసుకున్నారు. దానికి నలుసు పడటమే తప్పయింది. నా వల్లే కదా."

చెప్పి లోపలికి పోయి తలుపేసుకుంది.

*

మర్నాడు సుకుమారి స్కూలుకు సెలవు పెట్టింది. "మేమూ వస్తాం" అని జోయల్, లిదియమ్మ ఇద్దరూ అన్నారు గానీ, "అందరం పోతే పోట్లాటకు పోయినట్టు ఉంటుంది," అని తమ్ముణ్ని, కూతుర్ని తీసుకుని బయల్దేరింది.

పెంచలయ్య ఇంటి ముందు వేపచెట్టు కింద గేదెకు గడ్డి వేస్తున్నాడు. కారు అద్దం మీద ప్రెస్ అన్న అక్షరాలు చూడగానే గడ్డిమోపు కింద పడేశాడు.

"ఇంకా ఏం మిగిలిందని వచ్చినారు? కెమెరా యాడ దాచినావు?"

"కెమెరా లేదన్నా." డేవిడ్‌రాజు దిగి చేతులు జోడించాడు. "ఆ వార్త నేను పుట్టించింది. నీ బిడ్డా, నా మేనకోడలూ ఏ తప్పూ చెయ్యలా. కంట్లో దుమ్ము పడితే తీసింది, అంతే. ఆ మాట చెప్పడానికే వచ్చినాను."

పెంచలయ్య అతని చొక్కా పట్టుకున్నాడు. కొట్టలేదు. పట్టుకుని ఊరికే నిలబడ్డాడు. "మా ఊళ్లో అరుగుల మీద కూర్చున్న ముసలోళ్లు కూడా ఫోన్లు తీసి చూసినారురా నా బిడ్డను. పాలు పొయ్యడానికి పోతే, 'నీ కూతురి కండ్లు ఎట్టుండాయి పెంచలయ్యా' అని నవ్వినారు. ఏడాదిగా కష్టపడి చదివింది, మొన్న జిల్లాలో ర్యాంకు వస్తదన్నారు సార్లు. దానికేంది ఈ గతి? అసలు దాని కంట్లో మీ పిల్ల ఎంగి..."

అక్కడ ఆగిపోయాడు. చొక్కా వదిలి అటు తిరిగాడు.

సుకుమారికి ఆ సగం మాట చాలు. ఒకప్పుడైతే రక్తం ఉడికిపోయేది. ఈ వేళ ఉడకడానికి కూడా ఆమెలో ఏమీ మిగల్లేదు.

"ఆ మాట పూర్తి చెయ్యన్నా," అంది నెమ్మదిగా. "సగంలో మింగితే మాకు అర్థం కాదనుకున్నావా? మీ ఎంగిలి, మా ఎంగిలి అని మేమూ ఇన్నాం, మా పెద్దోళ్లూ ఇన్నారు. ఆ పిల్లకాయలకు మాత్రం అది తెలీదు. నేస్తం కంట్లో నలుసు పడితే తీసింది. దానికి మొదట కొట్టింది నేను, నా బిడ్డను. నువ్వు నీ బిడ్డను ఇంట్లో పెట్టినావు. ఇద్దరం ఒకటే పని చేసినాం. నిన్ను అనడానికి నాకు నోరు లేదు."

గుమ్మంలోకి అతని భార్య చెంచులక్ష్మి వచ్చింది. ఆమె వెనకాల అశ్విత. ఇద్దరు పిల్లలూ ఒకరినొకరు చూసుకున్నారు.

"కన్ను తగ్గిందా?" అంది సారా.

"తగ్గింది. నీకు?"

"ఇంకా కొంచెం ఉండాది."

చెంచులక్ష్మి కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. కాసేపటికి మొగుడి వైపు తిరిగింది. "నలుసు తీసిందని పిల్ల మొదటి రోజే చెప్పింది. నువ్వు ఇన్లా. ఇని ఉంటే ఊరి ముందర తల ఎత్తుకునేవోళ్లం. నేనూ గట్టిగా చెప్పలా, నీకు భయపడి." సారా దగ్గరికొచ్చి గడ్డం పట్టుకుని మొహం వెలుతురులోకి తిప్పి చూసింది. "ఎర్ర జీరలు పోలేదింకా. రా లోపలికి. టీచరమ్మా, మీరూ రండి. మజ్జిగ తాగి పోదురు."

ఆడవాళ్లు లోపలికి పోయారు. స్టీలు గ్లాసుల్లో మజ్జిగ వచ్చింది. అశ్విత తాగి సగం ఉంచిన గ్లాసే సారా అందుకుని తాగేసింది, హాస్టల్లో తాగే అలవాటు కొద్దీ. చెంచులక్ష్మి చూసింది, ఏమీ అనలేదు. బయట పెంచలయ్య మాత్రం మెత్తబడలేదు.

"నా గడపలో చెప్పింది నాకెందుకయ్యా?" అన్నాడు డేవిడ్‌రాజుతో. "ఊరు ఊరంతా ఇన్నది అబద్ధం. ఊరికి చెప్పు నిజం. చెప్పినావో లేదో ఊరే నాకు చెప్తది. పిల్ల సంగతి అప్పుడు చూద్దాం."

తిరుగు దారిలో వెనక సీట్లో తల్లీకూతుళ్లు పక్కపక్కన కూర్చున్నారు. సుకుమారి చాలాసేపు మాటలు కూడదీసుకుంది. "నీ మాట వినకుండా చెయ్యి చేసుకున్నా. తప్పయింది తల్లీ," అంది చివరికి. కూతురి చెయ్యి పట్టుకుంది. సారా లాక్కోలేదు.

*

డేవిడ్‌రాజు ఆ సాయంత్రమే తన చానెల్లో కూర్చుని మాట్లాడాడు. సంగీతం లేదు, బాణాలు లేవు. "నేను అబద్ధం చెప్పినాను. ఆ పిల్లలు ఏ పిచ్చీ చెయ్యలేదు. ఎవురికీ చూపు పోలేదు. అది మామూలు కండ్లకలక. కంట్లో ఏదన్నా పడితే నీళ్లతో కడుక్కోండి," అని చెప్పాడు. కింద జనం నానా బూతులు రాశారు. హైదరాబాద్ చానెల్ వాళ్లు తమ వార్త తీయలేదు సరికదా, ఇకమీదట నీ వార్తలు మాకొద్దన్నారు. అతను మళ్లీ పెళ్లిళ్లకు ఫోటోలు తీసే పని చూసుకున్నాడు. సిగ్గుతోనో భయంతోనో గానీ, కారు అద్దం మీద అక్షరాలు బ్లేడుతో గీకేశాడు.

అబద్ధాన్ని రాష్ట్రమంతా చూసింది. దిద్దుబాటును చూసింది గుప్పెడు మంది. అబద్ధం దానంతట అదే ఊళ్లు తిరుగుతుందనీ, నిజాన్ని మాత్రం చేత్తో పట్టుకుని ఇల్లిల్లూ తిప్పాలనీ సుకుమారికి అప్పుడు అర్థమైంది. తిప్పారు. జోయల్ టిక్కెట్లు కొట్టడం అయ్యాక సీటు సీటుకూ ఫోను చాపి, "ఆ రోజు అది చూసినారు గదా, ఇది కూడా చూడండి. ఆ పిల్ల నా కూతురు," అన్నాడు. ఆ చివరి మాట అనడానికి అతనికి మొదటి ట్రిప్పులో గొంతు పెగల్లేదు. రెండో ట్రిప్పు నుంచి పెగిలింది. సుకుమారి స్టాఫ్ రూములో అందరి ముందూ పెట్టింది. లిదియమ్మ అయితే పాస్టరమ్మను ఇంటికి పిలిపించి, ఎదురుగా కూర్చోబెట్టి, మొదటి నుంచీ చివరిదాకా చూపించి, "ఇప్పుడు చెయ్యమ్మా ప్రార్థన. నా మనవరాలి పేరు పెట్టి చెయ్యి," అంది.

అయినా వరికుంటపాడు నుంచి కబురు రాలేదు. సారా కళ్లు తెల్లబడ్డాయి. హాస్టల్‌కు పొమ్మంటే, "అది రాకుండా నేను పోను," అంది. సుకుమారి బలవంతం చేయలేదు.

మరుసటి ఆదివారం మధ్యాహ్నం, పొయ్యి మీద పప్పు ఉడుకుతుండగా ఫోన్ మోగింది. చెంచులక్ష్మి.

"టీచరమ్మా, మా ఆయన మీవోడు మాట్లాడింది చూసినాడు. ఆయనే ఊరి గ్రూపులో పెట్టినాడు. అరుగు కాడికి పోయి, 'ఇప్పుడు నవ్వండిరా' అని అందరికీ చూపించి వచ్చినాడు. రేపు పొద్దున బండి మీద ఉదయగిరికి తీసుకొస్తాడంట పిల్లను. మీ పాపను బస్టాండు కాడ ఉండమని చెప్పు. ఇద్దరూ కలిసి పోతారు."

సుకుమారి ఫోను పెట్టేసి, మంచం మీద కూర్చుని సారాకు ఆ మాట చెప్పింది.

సారా దగ్గరికొచ్చింది. మోకాళ్ల మీద కూర్చుని, తల్లి ఒళ్లో మొహం పెట్టి ఏడ్చింది. చెంపదెబ్బ తిన్నప్పుడు ఏడవలేదు, క్లినిక్‌లో ఏడవలేదు, మేనమామ ముందు ఏడవలేదు. ఇన్నాళ్లదీ ఇప్పుడు వచ్చింది. సుకుమారి దాని తల నిమురుతూ తనూ కొంగుతో కళ్లు ఒత్తుకుంది. ఎదిగిన పిల్ల, ఒళ్లో పట్టడం లేదు.

ఏడుపు కాస్త తెరిపి ఇచ్చాక, "ఆ రోజు ఏం జరిగిందో నాకు చెప్పు," అంది.

"తెలుసు గదా నీకు."

"మీ అవ్వ చెప్పింది, మీ మామ చెప్పినాడు. నువ్వు చెప్పలా. నువ్వు చెప్పు."

సారా ముక్కు తుడుచుకుంది. ఆ రోజు ఫిజిక్స్ పరీక్ష పోయిందని చెప్పింది. అశ్వితకు ముందు రోజు ఇంటి మీద బెంగ పట్టుకుని అన్నం తినలేదని, దాన్ని నవ్విద్దామనే అందరూ మైదానంలోకి పోయారని చెప్పింది. హాస్టల్లో నీళ్లు సరిగా రావని, రాత్రిళ్లు తనకు కూడా ఒక్కోసారి భయమేస్తుందని, అమ్మకు పని ఎక్కువని ఫోన్లో ఏదీ చెప్పనని చెప్పింది. నలుసు సంగతి ఇంకా రానేలేదు.

వంటింట్లో పప్పు పొంగి పొయ్యి మీద పడి చుయ్‌మంది. సుకుమారి లేవబోయి ఆగింది. లిదియమ్మ గోడ పట్టుకుని నెమ్మదిగా వెళ్లి పొయ్యి ఆపేసింది.

"ఊఁ, చెప్పు," అంది సుకుమారి.